సంచిలో మిగిలిన పేరు

గండిదుర్గం జిల్లాలో ఎవరి గతానికైనా గడువు ఐదేళ్ళు. మార్చి ముప్ఫై ఒకటిలోగా రెన్యూవల్ చేయించుకోకపోతే తాతముత్తాతలు పోతారు. ఇందులో వింతేమీ లేదు. డ్రైవింగ్ లైసెన్సుకు గడువు ఉన్నట్టే దీనికీ ఉంది. పశువుల ఆసుపత్రి పక్కనున్న గతాల శాఖ కార్యాలయంలో రెండు ఫొటోలు, రేషన్ కార్డు జిరాక్సు, ఇద్దరు సాక్షుల సంతకాలు ఇస్తే పదిహేను పనిదినాల్లో పని అవుతుంది. ఆ కార్యాలయంలో మధ్యాహ్నం భోజనాల వేళ కూడా ఒక కిటికీ తెరిచే ఉంచుతారు.

గడువు దాటినవాళ్ళకు ఏం జరుగుతుందో నిబంధనల్లో వరసగా రాసి ఉంది. మొదటి వారం గోడ మీది ఫొటోలో తాత పలచబడతాడు. రెండో వారం "మా నాయిన ఏం చెప్పేవాడంటే" అని మొదలుపెట్టిన మాట మధ్యలో ఆగిపోయి, మనిషి దగ్గి ఊరుకుంటాడు. నెల తిరిగేసరికి గడ్డం మీది సొట్ట, నవ్వే తీరు, పెద్దల నుంచి వచ్చినవన్నీ శాఖ వెనక్కి తీసుకుంటుంది. బస్టాండు దగ్గర టీ కొట్టు నడిపే ఒకాయన రెండుసార్లు రెన్యూవల్ మరిచిపోయాడు. ఆయన బాగానే ఉన్నాడు, టీ కూడా బాగానే ఉంటుంది. అన్నం తింటూ పొలమారినప్పుడు మాత్రం, తలుచుకునేవాళ్ళు ఎవరున్నారో తెలియక కాసేపు అటూ ఇటూ చూసి, తన నెత్తి తనే తట్టుకుంటాడు.

ఇంత పెద్ద శాఖకూ ఆధారం ఒక ముసలామె నోరు. ముప్ఫై ఏళ్ళ కిందట, శాఖ పెట్టిన కొత్తలో, ఎవరికి ఎవరు పూర్వీకులో తేల్చడానికి పటం సాయవ్వను పిలిపించారు. పటం ఇంటివాళ్ళు తరతరాలుగా వంశాలు చెప్పుకుని బతికినవాళ్ళు. పంట ఇంటికి చేరాక బొమ్మల గుడ్డలు చుట్టి సంచిలో పెట్టుకుని ఊరూరా తిరిగేవాళ్ళు. ఏ ఇంటి అరుగు మీద ఆ ఇంటి పటం విప్పి, మొదటి తాత నుంచి మొన్న పుట్టిన బిడ్డ దాకా రాగం తీసి చెప్పి, చేటలో గింజలు పోయించుకుని వెళ్ళేవాళ్ళు. సాయవ్వ కార్యాలయంలో స్టూలు మీద కూర్చుని పదకొండు రోజులు చెప్పింది. నాలుగు వందల పన్నెండు ఇళ్ళ గతం టైపు అయింది. చివరి పేజీ అడుగున 'చెప్పినవారు: పటం సాయవ్వ' అని కొట్టి, వేలిముద్ర వేయించుకుని, ఆమెను బస్సు ఎక్కించారు.

పటం వాళ్ళకు ఒక ఆచారం ఉందని ఆ రోజు శాఖకు తెలియదు. వంశం మొత్తం చెప్పకూడదు. గాదెను అడుగంటా ఊడ్చుకోనట్టే, డబ్బాలో బియ్యం లేకపోయినా 'నిండుకున్నాయి' అన్నట్టే, వంశంలోనూ ఒక పేరు సంచిలో ఉంచుకోవాలి. అన్నీ చెప్పేస్తే ఆ వంశం అక్కడితో ఆగిపోతుందట. తలల లెక్క మాత్రం నిజాయితీగా చెప్తారు, 'ఈ ఇంట అరవై మూడు తలలు' అని. తర్వాత అరవై రెండు పేర్లు చెప్పి పటం చుట్టేస్తారు. ఏ పేరు వదలాలో చెప్పేవాళ్ళ ఇష్టం, కానీ గొడవ రాకూడదు. అందుకని ఎవరిని వదిలితే ఎవరూ గొడవ పడరో వాళ్ళనే వదిలేవాళ్ళు. మతి చెడిన చిన్నాయన, ఊరు దాటిపోయిన విధవ కూతురు, వేరే కులం నుంచి వచ్చి వంటింట్లోనే ముసలిదైపోయిన కోడలు. నాలుగు వందల పన్నెండు ఇళ్ళలో ఈ ఏర్పాటు మీద ఏ తరంలోనూ ఫిర్యాదు రాలేదు.

వదిలేసిన పేర్లను పారేయరు. సాయవ్వ తన మనవరాలు దేవకికి రెండు జాబితాలు నేర్పింది, చెప్పేది ఒకటి, చెప్పనిది ఒకటి. ఊరికీ ఊరికీ మధ్య డొంకదారిన నడుస్తూ, వేళ్ళ కణుపులు లెక్కబెడుతూ, ఆరేళ్ళ పిల్లకు చెప్పని పేర్లన్నీ నోటికి పట్టించింది. "ఈ పేర్లు ఏ గడపకాడా ఎత్తొద్దు. అట్లని మర్సిపోవద్దు," అని ఒక్క షరతు పెట్టింది. ఇలాంటి షరతు కింద పెరిగిన పిల్లకు వేరే దారి ఏముంటుంది? దేవకి నవలా రచయిత్రి అయింది.

ఉద్యోగరీత్యా ఆమె గండిదుర్గం శాఖా గ్రంథాలయంలో లైబ్రేరియన్. పదమూడేళ్ళు కూర్చుని 'మిగులుదుర్గం' అనే నవల మూడు భాగాలు రాసింది. అదొక రాజ్యం కథ. అక్కడ సింహాసనం రోజుకొకరిది. దిగేటప్పుడు కూర్చున్న చోటు తడిగుడ్డతో తుడిచి మరీ దిగాలి. అక్కడి చెరువుకు కాళ్ళున్నాయి, ఎండిన పొలం దగ్గరికి అదే నడిచి వెళ్తుంది. యుద్ధంలో గెలిచినవాళ్ళు ఓడినవాళ్ళ కథను కంఠస్థం చేసి నలుగురిలో అప్పజెప్పాలి, ఒక్క మాట తప్పినా గెలుపు చెల్లదు. ఆ రాజ్యపు జనాభా సరిగ్గా నాలుగు వందల పన్నెండు. గడపకాడ ఎత్తొద్దన్నారు గానీ పుస్తకంలో రాయొద్దని ఎవరూ అనలేదు.

దేవకి గొప్ప రచయిత్రి. ఈ సంగతి ఇప్పుడే చెప్పేయడం మంచిది, తర్వాత మొహమాటపడనక్కర్లేదు. ఆమె పుస్తకం పట్టుకుని బస్సెక్కినవాళ్ళు దిగాల్సిన చోట దిగేవాళ్ళు కాదు. చివరికి డిపోవాళ్ళు బస్సుల్లో ఒక కాగితం అంటించారు, 'మిగులుదుర్గం చదువు ప్రయాణికులు తమ స్టేజీని ముందుగా కండక్టరుకు తెలియజేయవలెను' అని. రాజుల కథ చదువుతున్నామనుకుని మొదలుపెట్టిన పాఠకుడు నూరు పేజీలయ్యాక తన ఇంట్లో గిన్నెలు తోమే మనిషి పూర్తి పేరేమిటా అని ఆలోచనలో పడేవాడు. చరిత్ర చదివినవాళ్ళు అది చరిత్ర కాదన్నారు, కథలు చదివేవాళ్ళు అందులో చరిత్ర ఎక్కువైందన్నారు. అందరూ చదివారు.

ఈ ఏడు శాఖ రిజిస్టరును కంప్యూటరుకు ఎక్కించింది. ముప్ఫై ఏళ్ళుగా ముద్రలు కొట్టిన సిబ్బందిలో ఎవరూ చేయని పని కంప్యూటరు మొదటి రోజే చేసింది, తలలను లెక్కపెట్టింది. మొదటి ఇంటి దగ్గరే 'తలలు 63, పేర్లు 62, ఒకటి తక్కువ, రెన్యూవల్ కుదరదు' అని ఆగింది. రెండో ఇంటి దగ్గరా ఒకటి తక్కువే. నాలుగు వందల పన్నెండు ఇళ్ళకూ ఒక్కొక్కటే తక్కువ. మార్చి ముప్ఫై ఒకటికి నలభై రోజులుంది. జిల్లా గతాధికారి మేడమ్ సిబ్బందికి సెలవులు రద్దు చేశారు.

దారి కనిపెట్టింది సీనియర్ అసిస్టెంట్ కుళ్ళాయప్ప. ఆయన టేబులు సొరుగులో, పెండింగు ఫైళ్ళ కింద, 'మిగులుదుర్గం' రెండో భాగం ఎప్పుడూ ఉంటుంది. పై అధికారి వస్తే సొరుగు మూసేవాడు, వెళ్తే తెరిచేవాడు. ఒక మధ్యాహ్నం అందులో అశ్విక దళం నడిపే 'వేముల ఇంటి బుడ్డక్క' దగ్గరికి వచ్చి ఆగాడు. పొద్దున కంప్యూటరు ఒకటి తక్కువన్న ఇళ్ళలో వేముల ఇల్లు కూడా ఉంది. మూడు భాగాలూ ముందేసుకుని ఇంటిపేర్లు సరిచూశాడు. నాలుగు వందల పన్నెండుకు నాలుగు వందల పన్నెండూ కలిశాయి.

పదిరోజుల్లో ఉత్తర్వు వచ్చింది. 'మిగులుదుర్గం' నవల మూడు భాగాలనూ గతాల రిజిస్టరుకు అనుబంధం-బిగా పరిగణించడమైనది. అందులోని ప్రతి వాక్యమూ ఇకపై రిజిస్టరులో భాగం. సంబంధిత పేజీ నకలు మీద రచయిత్రి సంతకం తప్పనిసరి. గ్రంథాలయం ముందు షామియానా వేశారు, తాగడానికి నీళ్ళ డ్రమ్ము పెట్టారు. దేవకి పత్రికల టేబులు జరిపించుకుని పొద్దున పది నుంచి ఐదు దాకా పేజీల మీద సంతకాలు పెట్టింది. జనం నకలు తీసుకుని వెంటనే వెళ్ళిపోతారని శాఖ అనుకుంది. వాళ్ళు వెళ్ళలేదు. తమ ఇంటి మనిషి ఆ పేజీ తర్వాత ఏమైందో తెలుసుకోవడానికి మెట్ల మీదే కూర్చుని పుస్తకం చివరిదాకా చదివారు.

వేముల సుంకన్న అనే డెబ్బై ఏళ్ళ రైతు రెండు రోజులు చదివాడు. మూడో రోజు టేబులు దగ్గరికి వచ్చి నిలబడ్డాడు. బుడ్డక్క అంటే వాళ్ళ ముత్తాతకు చెల్లెలట. మాటలు రావని ఇంటి వెనక కొట్టంలో ఉంచారని ఎవరో అనగా చిన్నప్పుడు ఒకసారి విన్నాడు, అంతే.

"తల్లీ, ఆయమ్మ గుర్రమెక్కిందనేది నిజమేనా?" అని అడిగాడు.

"నిజం కాదు పెద్దాయనా," అంది దేవకి. "పేరు నిజం. గుర్రం నేనిచ్చినా."

సుంకన్న చేతిలోని పేజీని ఇంకోసారి చూసుకున్నాడు. "మంచి గుర్రమే ఇచ్చినావు," అన్నాడు. నకలు మడిచి చొక్కా లోపలి జేబులో పెట్టుకున్నాడు.

దొరికిన మనిషి కొందరికి నచ్చలేదు. మార్కెట్ యార్డు ఛైర్మన్ చెన్నకేశవులుకు అసలు నచ్చలేదు. ఆయన వంశంలో ఆరో తరం పెద్దాయన పెద్దచెరువు తవ్వించాడని కట్ట మీద రాతిశాసనం ఉంది. ఆ శాసనం బొమ్మ ఆయన లెటర్‌హెడ్ మీద, కారు అద్దం మీద, కూతురి పెళ్ళి శుభలేఖ మీద కూడా ఉంది. అనుబంధం-బి ప్రకారం ఆ ఇంట తక్కువైన తల ఎర్రక్క. ఆమె మట్టి మోసే వాళ్ళ పిల్ల, ఆ పెద్దాయన ఇంటికి తెచ్చుకున్న రెండో మనిషి. ఆమె, ఆమె అన్నదమ్ములు, వాళ్ళ జనం రెండు ఎండాకాలాలు కష్టపడి చెరువు తవ్వారు. పెద్దాయన రాయి పాతించాడు. నవల్లో చెరువుకు నడక నేర్పేది ఎర్రక్కే. పుస్తకం వచ్చినప్పటి నుంచి ఉపాధి హామీ కింద చెరువు పూడిక తీసే ఆడవాళ్ళు మధ్యాహ్నం సద్ది తినేటప్పుడు ఆ అధ్యాయం ఒకరి చేత చదివించుకుని వింటున్నారు. ఈ మధ్య వాళ్ళు దాన్ని ఎర్రక్క చెరువు అంటున్నారు కూడా.

చెన్నకేశవులు దానిమ్మపళ్ళ సంచితో గ్రంథాలయానికి వచ్చాడు. ఆయన పోట్లాడే మనిషి కాదు. మూడు భాగాలూ చదివానని చెప్పి, చదివినట్టు నిరూపించాడు కూడా. ఓడినవాళ్ళ కథ అప్పజెప్పే ఘట్టంలో తనకు కన్నీళ్ళు వచ్చాయన్నాడు, అదీ నిజమే. తర్వాత విషయానికి వచ్చాడు. కొత్త ముద్రణలో ఎర్రక్కను ఏదో చిన్న సంస్థానం రాకుమారిని చేస్తే అందరికీ గౌరవంగా ఉంటుందన్నాడు. దేవకి పరిస్థితి కూడా తనకు తెలుసన్నాడు. వంశాలు చెప్పేవాళ్ళ వంశం చెప్పేవాళ్ళు ఎవరూ లేరు కాబట్టి, రిజిస్టరు అడుగున ఉన్న సాయవ్వ పేరు ఒక్కటే ఆమె గతం మొత్తం. ఆ ఒక్క పేరు మీదే ఐదేళ్ళకోసారి ఆమెకు రెన్యూవల్ అవుతోంది. తను చెప్తే శాఖ ఆమెకు ఏడు తరాలు మంజూరు చేస్తుందట, అదీ మేలురకం తరాలు.

"గుర్రాలిచ్చేదానికి మీకు చెయ్యొచ్చింది గదమ్మా," అన్నాడు. "ఎర్రక్కకు కులం ఇచ్చేదానికేం?"

"గుర్రం దిగొచ్చు సార్," అంది దేవకి. దానిమ్మపళ్ళు తిరిగి ఆయన చేతికిచ్చింది.

ఛైర్మన్ ఇంటికి వెళ్ళి నవల మళ్ళీ మొదటి నుంచి చదివాడు. ఆమెకు అంత శ్రద్ధగల పాఠకుడు ఇంకొకరు లేరు. మొదటి భాగం తొమ్మిదో పేజీలో ఆయనకు కావలసింది దొరికింది. 'ఏ పటమూ చివరి మడతదాకా విప్పరాదు. ఒక పేరు సంచిలో ఉండవలెను. లేనియెడల చెప్పిన వంశము చెప్పినచోటనే ఆగును.' ఉత్తర్వు ప్రకారం నవల్లో ప్రతి వాక్యమూ రిజిస్టరులో భాగమే. ఇప్పుడు రిజిస్టరులో అన్ని పేర్లూ ఉన్నాయి. అంటే శాఖ తన రిజిస్టరును తనే ఉల్లంఘిస్తోందని ఆయన అర్జీ పెట్టాడు.

అర్జీని కొట్టిపారేయడానికి వీల్లేకపోయింది, ఎందుకంటే ఫలితాలు అప్పటికే కనబడుతున్నాయి. చివరి పేజీ మీద సంతకమైన రోజు నుంచి జిల్లాలో ఒక్క బిడ్డా పుట్టలేదు. నెలలు నిండినవాళ్ళు ప్రభుత్వాసుపత్రి వరండాలో బల్లల మీద కూర్చుని ఉన్నారు. నొప్పులు లేవు, ఇబ్బందీ లేదు. డాక్టర్లు పరీక్షించి, లోపల బిడ్డలు బాగానే ఉన్నారనీ, రావడానికే కారణం లేక ఆగారనీ రాశారు. తొమ్మిదో రోజుకు బల్లలు చాలక పక్క పాఠశాల నుంచి తెప్పించారు.

మార్చి ముప్ఫయ్యో తేదీన సమావేశం జరిగింది. రిజిస్టరు మొత్తం చట్టం దృష్టిలో ఒకే పటం కాబట్టి, జిల్లా అంతటికీ కలిపి ఒక్క పేరు వదిలితే చాలునని న్యాయ సలహా వచ్చింది. ఏ ఇల్లు ఇస్తుందని గతాధికారి అడిగారు. నాలుగు వందల పదకొండు ఇళ్ళవాళ్ళు నేల చూపులు చూశారు. నెల కిందట ఉన్నారో లేరో తెలియని మనుషుల మీద అప్పటికే ప్రేమలు పుట్టాయి. సుంకన్న చెయ్యి చొక్కా జేబు మీద పెట్టుకునే కూర్చున్నాడు. అప్పుడు చెన్నకేశవులు లేచి, జిల్లా క్షేమం కోసం తమ ఇంటి ఎర్రక్కను త్యాగం చేస్తామన్నాడు. అందరూ చప్పట్లు కొట్టారు. పూడిక పనికి వచ్చే ఆడవాళ్ళు గుమ్మం బయట నిలబడి ఉన్నారు. వాళ్ళు ఆ ఇంటివాళ్ళు కారు కాబట్టి అభ్యంతరం చెప్పే హక్కు వాళ్ళకు లేదని కుళ్ళాయప్ప నిబంధన చదివి వినిపించాల్సి వచ్చింది.

అయితే అనుబంధం-బి ప్రకారం ఏ పేరు వదలాలో నిర్ణయించాల్సింది చెప్పేవాళ్ళు. కాబట్టి మర్నాడు సాయంత్రం ఐదులోగా దేవకి ఫారం నింపి ఇవ్వాలని తీర్మానం అయింది.

మర్నాడు పొద్దున కుళ్ళాయప్ప ఫారం తనే తీసుకుని గ్రంథాలయానికి వెళ్ళాడు. ఆయనకు ఒక భయం ఉంది. రిజిస్టరులో ఆ ఇళ్ళ పేర్లు కాక ఇంకొక పేరు, అట్టడుగున, వేలిముద్ర పక్కన ఉందని ఆయనకు తెలుసు. దేవకికి అది గుర్తు రాకుండా ఉంటే బాగుండునని దారి పొడుగునా అనుకున్నాడు. వెళ్ళేసరికి ఆమె మేకుకు తగిలించిన అవ్వ పాత గుడ్డ సంచి దించి ఒళ్ళో పెట్టుకుని కూర్చుని ఉంది.

"ఎర్రక్కను వదిలేయండి మేడమ్," అన్నాడు. "ఆ ఇంటోళ్ళే వద్దంటాండారు. మీకేం పోతాది?"

"ఆయమ్మను ఒకసారి వదిలేసినాం. అది ఆచారం," అంది దేవకి. "రెండోసారీ ఆయమ్మనే వదిలితే దాన్నేమంటారు కుళ్ళాయప్పా?"

కుళ్ళాయప్ప ఫారం టేబులు మీద పెట్టాడు. "మీకుండేదే ఒక్క పేరు," అన్నాడు.

"ఎవరూ గొడవపడని పేరే వదలాల. అది మా అవ్వ మాటే."

"గొడవపడేదానికి మీరున్నారు గదా."

"నేను పడను," అంది. అని ఏడ్చింది. కుళ్ళాయప్ప పేపర్లు చదువుకునేవాళ్ళను బయటికి పంపి, తనూ వెళ్ళి మెట్ల మీద కూర్చున్నాడు.

ఆ పగలంతా దేవకి అవ్వను గుర్తు చేసుకుంది. రిజిస్టరులోంచి తీసేసిన మనిషి జ్ఞాపకం కూడా పోతుంది. రాసిపెట్టుకున్నా ఉపయోగం లేదు, రాసినవీ చెరిగిపోతాయని నిబంధనల్లో ఉంది. కణుపులు లెక్కపెట్టే బొటనవేలు. పాడేటప్పుడు ఎడమ చెవి మూసుకోవడం. చెరువుగట్టు మీద కూర్చోబెట్టి కొర్రన్నం పెడుతూ, ప్రతి ముద్దకూ ఒక వదిలేసిన పేరు చెప్పించడం. పేరు తప్పితే ముద్ద ఆగేది. ఒకసారి తనకు ఎనిమిదేళ్ళప్పుడు, మనింట్లో వదిలేసిన పేరెవరిదవ్వా అని అడిగితే, ముసలామె నవ్వి, "మనం సంచిలోనే ఉండాం గదే, మనల్ని మల్లా ఏం వదిలేది," అంది. ఆ నవ్వు దగ్గర దేవకి చాలాసేపు ఉంది. నాలుగూ నలభైకి ఫారంలో పేరు రాసి, సంతకం పెట్టి, కుళ్ళాయప్పకు ఇచ్చింది. నాలుగూ యాభైకి ప్రభుత్వాసుపత్రిలో ముగ్గురు పిల్లలు ఒకేసారి ఏడ్చారు.

ఏప్రిల్ ఒకటి నుంచి ఆ పేరు ఎక్కడా లేదు. రిజిస్టరు చివరి పేజీలో 'చెప్పినవారు' తర్వాత ఖాళీ ఉంది. ఈ కథలో ముందు ఆ పేరు వచ్చింది గానీ, అది ఏప్రిల్ ఒకటికి ముందు రాసిన భాగం కాబట్టి చెల్లుతుంది. ఇకమీదట రాయడానికి వీలు లేదు. గ్రంథాలయంలో మేకుకు ఉన్న సంచి ఎవరిదని దేవకి వచ్చినవాళ్ళనందరినీ అడిగింది. ఎవరో పాఠకులు మరిచిపోయి ఉంటారని కుళ్ళాయప్ప అన్నాడు. మెట్ల మీద తను ఆ రోజంతా ఎందుకు కూర్చున్నాడో ఆయనకూ గుర్తు లేదు. పోయిన వస్తువుల రిజిస్టరులో సంచిని నమోదు చేశారు.

పెద్దచెరువు కట్ట మీద రెండో రాయి లేచింది. ఎర్రక్క ఇక తప్పదని తేలాక చెన్నకేశవులు ఆలస్యం చేయలేదు. వారం తిరగకుండా 'ఎర్రక్క ఆశయ సాధకుడు' అని ఊరంతా ఫ్లెక్సీలు కట్టించాడు. వాటిలో ఎర్రక్క గుర్రం మీద ఉంది, గుర్రం బుడ్డక్కదని ఎవరూ గమనించలేదు. పూడిక తీసే ఆడవాళ్ళను రాయికి దండలు వేయడానికి పిలిచారు. వాళ్ళు వచ్చి దండలు వేసి, పక్కకు జరిగి, ఆ అధ్యాయం ఎప్పటిలాగే చదివించుకున్నారు. దేవకి ఆ సంగతి విని సంతోషించింది.

రెండో వారంలో ఆమెకు పౌరసన్మానం చేశారు. మార్కెట్ యార్డు నిండిపోయింది. నాలుగు వందల పన్నెండు ఇళ్ళవాళ్ళు ఇంటికో శాలువా తెచ్చారు, కప్పి కప్పి ఆమె ముఖం కనబడకపోతే కొన్ని తీసి పక్కన పెట్టారు. ఆ ప్రేమ నిజమైనది. జిల్లాలో ఒక మనిషికి అంతమంది మనస్ఫూర్తిగా దండం పెట్టడం అంతకుముందు జరగలేదు. పరిచయం చేయాల్సిన అధ్యాపకుడు ఆమె పుట్టుపూర్వోత్తరాల కోసం శాఖకు రాస్తే తెల్లకాగితం వచ్చింది. ఆయన అనుభవజ్ఞుడు. ఏమాత్రం తడబడకుండా, "పరిచయం అక్కర్లేని వ్యక్తి," అని మొదలుపెట్టాడు.

దేవకిని మాట్లాడమన్నారు. ఆమె మైకు ముందుకు వచ్చి, "నాకీ పేర్లన్నీ చిన్నప్పుడు," అని మొదలుపెట్టి, ఆగి, దగ్గింది. వినయమనుకుని జనం చప్పట్లు కొట్టారు. తర్వాత భోజనాల దగ్గర రెండో ముద్దకే ఆమెకు పొలమారింది. పక్కనున్న సుంకన్న నీళ్ళ గ్లాసు అందించేలోపే, ఆమె అటూ ఇటూ చూసి, తన నెత్తి తనే తట్టుకుంది. ఆమె ముందున్న విస్తట్లో కొర్రన్నం కూడా వడ్డించారు. ఆమె దాన్ని ముద్దలు ముద్దలుగా చేసి, ఒక్కో ముద్ద ఎత్తే ముందు ఏదో చెప్పాలన్నట్టు ఆగి, ఏమీ తోచక తినేసింది.

ఆ ఏడాదే ఆమె నాలుగో భాగం రాసింది. మూడింటికంటే అది గొప్పగా ఉందని చదివినవాళ్ళందరూ అంటున్నారు, నిజమే. అందులో ఒక ముసలామె వస్తుంది. భుజాన గుడ్డ సంచి వేసుకుని, కణుపులు లెక్కపెడుతూ డొంకదారిన పోతూ ఉంటుంది. మిగులుదుర్గంలో అందరూ ఆమెకు లేచి దారి ఇస్తారు, ఎందుకో వాళ్ళకే తెలియదు. ఆమె పేరు రావాల్సిన ప్రతిచోటా దేవకి ఖాళీ వదిలింది. ఎంత వెతికినా దొరకలేదట. గుర్రం మాత్రం ఇచ్చింది, రాజ్యంలో ఉన్నవాటిలో అన్నిటికంటే మంచిది.

అనుబంధం కాబట్టి ముద్రణకు ముందు శాఖ పరిశీలన తప్పదు. కుళ్ళాయప్ప రాతప్రతిని మూడు వారాలు దగ్గర పెట్టుకుని, ప్రతి పేరూ రిజిస్టరుతో సరిచూశాడు. ముసలామె వచ్చిన పేజీలన్నీ రెండేసి సార్లు చదివాడు. దేనితో సరిచూడాలో తెలియక వదిలేశాడు. మొదటి పేజీలో వేయాల్సిన ధ్రువీకరణను తనే టైపు చేసి, గతాధికారి ముద్ర వేయించి, గ్రంథాలయానికి తెచ్చాడు. 'ఈ భాగంలోని పేర్లన్నీ యథార్థమని ధ్రువీకరించడమైనది. పేరు లేని ముసలామె పాత్ర మాత్రము పూర్తిగా కల్పితము.'

దేవకి దాన్ని రెండుసార్లు చదివింది. తప్పులేమీ లేవంది. కింద సంతకం పెట్టి ఇచ్చింది.